పలక ఎత్తని పిల్లలు

బర్మా అక్షరాల్లో ఒక నాలుగింటిని పక్కపక్కన రాసి చూస్తే కంటి డాక్టరు గోడకు తగిలించే పటం గుర్తొస్తుంది. గుండ్రటి సున్నాకి కుడివైపు నోరు తెరిస్తే 'ఙ', కింద తెరిస్తే 'గ', పైన తెరిస్తే 'ప'. ఎక్కడా తెరవకుండా మూసేస్తే 'వ'. యాంగోన్‌లో బడిలో చేరిన ఐదారేళ్ళ పిల్ల ఈ నాలుగింటినీ విడివిడిగా గుర్తుపట్టాలి. మన పిల్లలకూ ఈ తిప్పలు కొత్తవి కావు. ర, ఠ, ద, ధ, థ వరసలో చుక్క ఎక్కడుందో, ఒత్తు ఎక్కడుందో తేల్చుకోలేక ఒకటో తరగతిలో ఎన్ని పలకలు చెరిగిపోయాయో! రెండు లిపులూ దక్షిణ భారతపు పాత రాతలోంచి పుట్టిన అక్కచెల్లెళ్ళే.

ఒక పిల్ల 'గ' చూపిస్తే 'ప' అంది. ఎందుకంది? ఆ పిల్లకి చూపు ఆనకపోవచ్చు. చూపు బాగానే ఉండి, గీత ఏ దిక్కుకు తిరిగిందో మెదడు పట్టుకోలేకపోవచ్చు. ఇంట్లో మాట్లాడే భాష వేరు కావడంతో ఆ అక్షరాలకు తగిన మాటలేవీ తెలియకపోవచ్చు. రాత్రంతా భయంతో నిద్రపోక బడికి వచ్చి ఉండవచ్చు. టీచరు కంటికి కనిపించే తప్పు ఒకటే, దాని వెనక కారణాలు మాత్రం నాలుగు. ఒకే తప్పుకి ఒకే మందు వేసే అలవాటు మన బడులను పట్టి పీడిస్తున్న పెద్ద జబ్బు. నేర్చుకోవడంలోనూ నడవడికలోనూ రకరకాల అవసరాలున్న పిల్లలను ఒకే గదిలో ఎలా నడిపించాలన్న ప్రశ్న మీద ప్రపంచం ఇప్పటిదాకా ఏం తెలుసుకుంది, అందులో యాంగోన్ లాంటి ఊరికి, మన ఊళ్ళకు పనికొచ్చేదేమిటి అన్నది ఈ వ్యాసం చూస్తుంది.

రంగం నుంచి యాంగోన్ దాకా

యాంగోన్ మనకు పరాయి ఊరు కాదు. శ్రీకాకుళం, విశాఖ, గోదావరి జిల్లాల్లో ముసలివాళ్ళు దాన్ని 'రంగం' అనేవారు. కోరంగి రేవు నుంచి, విశాఖ నుంచి ఓడెక్కి వెళ్ళి అక్కడి ఓడరేవులో మూటలు మోసినవాళ్ళు, రిక్షాలు లాగినవాళ్ళు, ధాన్యం మిల్లుల్లో పనిచేసినవాళ్ళు వేలకు వేలు. 1931 జనాభా లెక్కల్లో రంగూన్ నగరంలో నాలుగు లక్షల మంది ఉంటే, వాళ్ళలో సగానికి పైగా భారతీయులు. 1930 మే నెలలో రేవులో తెలుగు కూలీలకూ బర్మా కూలీలకూ మధ్య రగిలిన గొడవ, 1942లో జపాన్ దాడికి బెదిరి కొండలూ అడవులూ దాటి నడిచొచ్చిన లక్షల మంది, 1962 సైనిక పాలన తర్వాత ఓడల్లో తిరిగొచ్చిన కుటుంబాలు, విశాఖలో వాళ్ళ పేరు మీదే నిలిచిన బర్మా క్యాంపు - ఇదంతా మన కథే.

వెళ్ళిపోకుండా మిగిలిన తెలుగు కుటుంబాల పిల్లలు యాంగోన్‌లో బర్మా మాధ్యమంలోనే చదువుతున్నారు. 1960ల మధ్యలో ప్రైవేటు బడులన్నిటినీ ప్రభుత్వం స్వాధీనం చేసుకున్నాక వేరే భాషల బడులకు చోటు లేకపోయింది. 2014 జాతీయ విద్యా చట్టం ప్రాథమిక తరగతుల్లో జాతుల భాషల వాడకానికి కొంత సందు ఇచ్చినా, అది అక్కడి ప్రభుత్వం గుర్తించిన 135 జాతులకే. భారతదేశం నుంచి వెళ్ళినవారు ఆ లెక్కలో లేరు. అమ్మమ్మ తెలుగు మాట, వీధిలో బర్మా మాట, బడి పుస్తకంలో గ్రాంథికపు బర్మా మాట. ఈ మూడింటి మధ్య తడబడే పిల్ల మందబుద్ధి పిల్లలా కనబడితే ఆ తప్పు పిల్లది కాదు. భాష తెలియకపోవడాన్నీ నేర్చుకోలేకపోవడాన్నీ వేరు చేసి చూడటం ఈ చర్చలో మొదటి మెట్టు.

వేరే బడి నుంచి అందరి బడికి

ప్రత్యేక అవసరాలున్న పిల్లల చదువులో యాంగోన్‌కి వందేళ్ళు దాటిన చరిత్ర ఉంది. ఆనాటి కెమెండైన్ పేటలో 1914లో అంధుల బడి మొదలైంది. 1917లో ఆ బడికి విలియం హెన్రీ జాక్సన్ అనే ఆంగ్లేయ పాదిరి వచ్చాడు. ఆయనకు చిన్ననాడే చూపు పోయింది. చెప్పులు లేకుండా, బర్మా వాళ్ళలాగే బతుకుతూ బర్మా భాషకు బ్రెయిలీ కుదర్చడంలో, చేతిపనులు నేర్పడంలో జీవితం ఖర్చుపెట్టి 1931లో కన్నుమూశాడు. 1920లో బధిరుల కోసం మేరీ చాప్‌మన్ బడి వెలిసింది, నేటికీ నడుస్తోంది. 2000లో ఈడెన్ సెంటర్ అన్న సంస్థ యాంగోన్‌లో వికలాంగ బాలల కోసం పుట్టి, ఆ పిల్లలను మామూలు బడులకు చేర్చే పనిలోకి కూడా దిగింది.

ఈ దారే ప్రపంచమంతటా సాగింది. మొదట వేరే బడి, తర్వాత అందరి బడిలో ఓ మూల వేరే గది, చివరికి అందరితో పాటు ఒకే గది. 1994లో స్పెయిన్‌లోని సలమాంకాలో 92 ప్రభుత్వాల ప్రతినిధులు కూర్చుని, మామూలు బడే అందరి బడి కావాలని ప్రకటించారు. 2006లో ఐక్యరాజ్యసమితి వికలాంగుల హక్కుల ఒడంబడిక 24వ అధికరణంలో సహిత విద్యను హక్కుగా రాసింది. మయన్మార్ 2011 డిసెంబరులో ఆ ఒడంబడికలో చేరింది, 2015లో వికలాంగుల హక్కుల చట్టం చేసింది. మనదేశంలో 2009 విద్యాహక్కు చట్టం, 2016 వికలాంగుల హక్కుల చట్టం వచ్చాయి. రెండో చట్టం 21 రకాల వైకల్యాలను లెక్కలోకి తీసుకుంది. ఆటిజం, చదవడం రాయడంలో ఎదురయ్యే అభ్యసన వైకల్యాలు కూడా అందులో ఉన్నాయి.

చట్టాల కాగితం బాగుంది. ఇబ్బందల్లా లెక్క దగ్గరే మొదలవుతుంది. 2014 మయన్మార్ జనాభా లెక్కల్లో ఐదు కోట్ల మందికి పైగా జనంలో 23 లక్షల మందికి, అంటే నూటికి 4.6 మందికి, ఏదో ఒక వైకల్యం ఉన్నట్టు తేలింది. అక్కడ అడిగిన ప్రశ్నలు నాలుగే: చూడటం, వినడం, నడవటం, గుర్తుంచుకోవడం లేదా మనసు నిలపడం. చదవలేక తంటాలు పడే పిల్ల, కుదురుగా కూర్చోలేని పిల్లవాడు ఇలాంటి లెక్కలకు అంత తేలిగ్గా దొరకరు. వాళ్ళను చూడగలిగేది ఇల్లు, ఆ తర్వాత బడి.

గదిలో ఏముంది?

యాంగోన్ బడిలో టీచరు లోపలికి రాగానే తెల్ల చొక్కాలు, ఆకుపచ్చ లుంగీల పిల్లలు లేచి, చేతులు కట్టుకుని, ఒక్క గొంతుతో 'మింగలాబా సయామా' అంటారు. బౌద్ధ సంప్రదాయంలో బుద్ధుడు, ధర్మం, సంఘం, తల్లిదండ్రులతో పాటు గురువు కూడా ఐదు అపార రత్నాలలో ఒకటి. బడికీ బౌద్ధ విహారానికీ అక్కడ ఒకటే మాట - 'చౌంగ్'. యూనిఫారానికీ పుస్తకాలకూ డబ్బులేని వేలాది పిల్లలకు ఈనాటికీ విహారాల బడులే దిక్కు. గురువంటే ఇంత గౌరవం ఉన్న నేల మీద పనిచేసే టీచరు చేతిలో గొప్ప బలం ఉంది. ఆమె ఒక్క మెచ్చుకోలు మాట పిల్లల మనసులో ఏళ్ళ తరబడి నిలుస్తుంది.

ఆ గౌరవానికి ఇంకో వైపు కూడా ఉంది. బర్మా వాళ్ళు 'అనాదే' అంటారు. ఎదుటివారిని ఇబ్బంది పెట్టకూడదన్న మొహమాటం అది. అర్థం కాలేదని చెబితే టీచరు నొచ్చుకుంటుందేమోనని పిల్ల నోరు విప్పదు. గది అంతా కలిసి పాఠం వల్లె వేస్తుంటే పెదవులు కదిపినా సరిపోతుంది. గోల చేసే పిల్లవాడిని టీచరు ఆ రోజే పట్టుకుంటుంది. అర్థం కాని పిల్ల మాత్రం ఏళ్ళ తరబడి ఎవరికీ కనబడకుండా వెనక బెంచీలో ఉండిపోతుంది. పరీక్షల్లో ఫెయిలైనప్పుడుగానీ ఆమె లోటు బయటపడదు. మన కోనసీమలోనైనా, కరీంనగర్‌లోనైనా బిడియపు పిల్లల గతి ఇదే.

దీనికి తోడు గత కొన్నేళ్ళుగా అక్కడి పిల్లలు మామూలు పిల్లలు ఎరగని భారం మోస్తున్నారు. 2020లో కోవిడ్ వల్ల బడులు మూతపడ్డాయి. 2021 ఫిబ్రవరి 1న సైన్యం అధికారం చేజిక్కించుకుంది. పెద్ద సంఖ్యలో టీచర్లు సహాయ నిరాకరణలోకి వెళ్ళి ఉద్యోగాలు పోగొట్టుకున్నారు. చదువు తెగిపోయిన పిల్లలు, ఊరు విడిచి నగరానికి చేరిన పిల్లలు, ఇంట్లో ఎవరో ఒకరు లేని పిల్లలు ఇప్పుడు ఒకే వరసలో కూర్చుంటున్నారు. తలుపు చప్పుడుకి ఉలిక్కిపడే పిల్లవాడిని, చిన్న మాటకే తిరగబడే పిల్లవాడిని క్రమశిక్షణ లేనివాడిగా లెక్కగట్టే ముందు ఆ ఇంటి కథ తెలుసుకోవడం టీచరు ధర్మం.

అల్లరి మోసుకొచ్చే కబురు

మన వీధిబడుల్లో కోదండం వేసేవారు. తర్వాతి బడుల్లో గోడకుర్చీ, గుంజీలు, తొడపాశం, బెంచీ ఎక్కించడం. 'దండం దశగుణం భవేత్' అని దానికో సమర్థన. 2009 విద్యాహక్కు చట్టం 17వ సెక్షను బడిలో శారీరక దండననూ మానసిక వేధింపునూ నిషేధించింది. నిషేధం అవసరమే. అయితే బెత్తం లాగేసుకున్న చేతికి మరో పనిముట్టు ఇవ్వకపోతే టీచరుకి మిగిలేది అరుపే.

ఆ పనిముట్టు ఖరీదు ఒక నోటుపుస్తకం. పేజీలో మూడు నిలువు గీతలు. మొదటి గడిలో అల్లరికి ముందు ఏం జరిగింది, రెండో గడిలో పిల్లవాడు సరిగ్గా ఏం చేశాడు, మూడో గడిలో ఆ తర్వాత వాడికి ఏం దక్కింది. ప్రవర్తన శాస్త్రంలో ఇది చాలా పాత పద్ధతి, ఇప్పటికీ పదునుగానే ఉంది. మూడో తరగతిలో ఒక పిల్లవాడు రోజూ పక్కవాడి పుస్తకం లాగి విసిరేస్తున్నాడనుకుందాం. టీచరు పది రోజులు రాసింది. సోమవారం: వరసలో ఒక్కొక్కరూ పైకి చదువుతున్నారు, వీడి వంతు ఇంకా ముగ్గురి తర్వాత, పుస్తకం విసిరాడు, బయట నిలబెట్టాను. మంగళవారం: లెక్కల పాఠం, అల్లరి లేదు. బుధవారం: మళ్ళీ పైకి చదవడం, విసిరాడు, బయట నిలబెట్టాను. పదో రోజుకి పేజీ తనంతట తానే మాట్లాడింది. వాడు పైకి చదవాల్సిన వేళల్లోనే అల్లరి చేస్తున్నాడు. బయట నిలబెట్టడం వాడికి శిక్ష కాదు, విడుదల. అందరి ముందు తడబడే అవమానం కంటే ఎండలో నిలబడటం నయమనుకున్నాడు.

ఇప్పుడు చేయాల్సింది స్పష్టం. రేపు చదవాల్సిన రెండు వాక్యాలు ఈరోజే ఇచ్చి, పక్కవాడితో కలిసి చదివించాలి. మొదటి వారం ఒక్క వాక్యమే. కష్టమైతే తల వంచుకోకుండా బల్ల మీద ఎర్ర అట్టముక్క పెట్టి సాయం అడగొచ్చని నేర్పాలి. అల్లరితో వాడు సాధిస్తున్న విడుదలని మర్యాదైన మార్గంలో అందుబాటులోకి తెస్తే, అల్లరికి పని లేకుండా పోతుంది. ఇదంతా చేస్తూనే వాడికి చదవడం ఎక్కడ తెగిందో వెతికి అక్కడి నుంచి నేర్పాలి. అల్లరి ఆపడంతో సగం పనే అవుతుంది, వాడు చదవగలిగినప్పుడే మిగతా సగం పూర్తి.

నియమం, మెచ్చుకోలు, ఆట

ఒక్కొక్క పిల్లవాడికీ పది రోజుల పేజీ రాయడం యాభై మంది ఉన్న గదిలో అయ్యే పని కాదు. అందుకే పరిశోధకులు ముందు గదినంతటినీ కుదురుకోనిచ్చే పద్ధతులు వెతికారు. 1968లో అమెరికాలో మాడ్సెన్, బెకర్, థామస్ చేసిన చిన్న అధ్యయనం నేటికీ పాఠంలా చెప్పుకోదగ్గది. నియమాలు గోడ మీద రాసినంత మాత్రాన ఫలితం దాదాపు శూన్యం. మంచి పని చేస్తున్న పిల్లలను టీచరు పేరుపెట్టి మెచ్చుకుంటూ, చిన్న చిన్న అల్లరిని పట్టించుకోకుండా వదిలేసినప్పుడు గది మారింది. 'గుడ్' అని గాల్లోకి వదిలేసే మాట వేరు, 'నీ పెన్సిలు పక్కమ్మాయికి ఇచ్చావు, బాగుంది' అని చూసి చెప్పే మాట వేరు. రెండోది పని చేస్తుంది.

1969లో కాన్సాస్‌లో నాలుగో తరగతి గదిలో 'మంచి నడవడి ఆట' పుట్టింది. తరగతిని జట్లుగా విడదీసి, నియమం తప్పితే జట్టుకి ఒక గుర్తు వేస్తారు. గుర్తులు తక్కువున్న జట్లన్నీ గెలిచినట్టే. 1980ల్లో బాల్టిమోర్‌లో ఒకటో తరగతి పిల్లలతో ఈ ఆట ఆడించి, వాళ్ళు ఇరవై ఏళ్ళ వయసుకి వచ్చేదాకా వెంబడి చూస్తే, చిన్నప్పుడు దుడుకుగా ఉన్న మగపిల్లల్లో మత్తుమందుల అలవాటు తక్కువగా కనిపించింది. ఒకటో తరగతి టీచరు చేసే పని ఎంత దూరం వెళుతుందో చెప్పడానికి ఇంతకంటే సాక్ష్యం వద్దు.

బహుమతుల విషయంలో ఒక హెచ్చరిక ఉంది. 1973లో లెప్పర్, గ్రీన్, నిస్‌బెట్ చేసిన ప్రయోగంలో, ఇష్టంగా బొమ్మలు గీసుకునే పిల్లలకు గీస్తే బహుమతి ఇస్తామని ముందే చెప్పి ఇచ్చారు. తర్వాత వాళ్ళకు గీయడం మీద ఇష్టం తగ్గింది. పిల్లవాడు ఇష్టంగా చేసే పనికి చాక్లెట్ కట్టనక్కర్లేదు. అసలు మొదలే పెట్టలేని పనికి తొలి అడుగు వేయించడానికి చిన్న బహుమతి వాడి, మెల్లగా మానేయాలి.

మెట్టు తెలిసిన బోధన

నడవడిక గొడవల్లో చాలా భాగం వెనక అందని పాఠమే ఉంటుంది. ఐదో తరగతి పుస్తకం ముందు కూర్చున్న పిల్లకి రెండో తరగతి వాక్యం చదవడం రాకపోతే, రోజుకి ఆరు గంటలు ఆ గదిలో ఏం చేస్తుంది? భారతదేశంలో ప్రథమ్ సంస్థ దీనికి సూటి జవాబు చూపింది. వయసునీ తరగతినీ పక్కనపెట్టి, అక్షరం, పదం, వాక్యం, కథ - ఎవరు ఎక్కడున్నారో అయిదు నిమిషాల్లో తేల్చి, ఆ జట్లుగా కూర్చోబెట్టి రోజుకి కొంతసేపు నేర్పడం. 2013-14లో ఉత్తరప్రదేశ్ బడుల్లో కొద్ది రోజుల శిబిరాలుగా నడిపినప్పుడు పిల్లల చదువులో వచ్చిన మార్పు పెద్దదని పోల్చి చేసిన అధ్యయనాల్లో తేలింది. అభ్యసన వైకల్యం ఉన్న పిల్లకి ఇదొక్కటే చాలదు. మిగతా పిల్లలు ముందుకు సాగాక మాత్రం నిజంగా ప్రత్యేక సాయం ఎవరికి కావాలో బయటపడుతుంది.

అంతకు ముందే మన మదనపల్లె దగ్గర రిషివ్యాలీలో ఇంకా సున్నితమైన పద్ధతి రూపుదిద్దుకుంది. చుట్టుపక్కల పల్లెల్లో ఒకే టీచరు, ఒకే గది, ఐదు తరగతుల పిల్లలు. అక్కడ పద్మనాభరావు, రమ దంపతులు పాఠ్యపుస్తకాన్ని విప్పి వందల కార్డులుగా మార్చారు. కార్డుల మీద పిల్లలు గుర్తుపట్టే బొమ్మలు. గోడ మీద ఒక నిచ్చెన. పిల్ల తన మెట్టు ఎక్కడో తనే చూసుకుని, ఆ కార్డు తీసుకుని, ఆ గుర్తున్న జట్టులో కూర్చుంటుంది. ఒక జట్టుకి టీచరు పూర్తిగా కావాలి, ఇంకో జట్టుకి కొంచెం కావాలి, మరో జట్టులో పిల్లలే ఒకరికొకరు చెప్పుకుంటారు, మరికొందరు ఒంటరిగా పని చేసుకుంటారు. జ్వరం వచ్చి, పొలం పనులకు వెళ్ళి పది రోజులు రాని పిల్ల తిరిగొచ్చి తను ఆపిన మెట్టు దగ్గరే మొదలుపెడుతుంది. ఆమెకు వెనకబడటం అన్న అవమానం లేదు. కర్ణాటకలో 1995లో మొదలైన 'నలి కలి', ఆ తర్వాత తమిళనాడు ప్రభుత్వ బడుల్లోకి వెళ్ళిన కృత్యాధార బోధన ఈ చెట్టు కొమ్మలే.

చదువు తెగి తెగి సాగుతున్న యాంగోన్ పిల్లలకు ఈ నిచ్చెన అచ్చంగా అతుకుతుందని నా నమ్మకం. వేర్వేరు వయసుల పిల్లలు కలిసి కూర్చునే విహారాల బడులకు మరీను. ఈ పద్ధతికీ తెగులు పట్టిన సందర్భాలున్నాయి. టీచరుకి తర్ఫీదు లేకుండా కార్డుల పెట్టె మాత్రమే పంపితే, పిల్లలు కార్డులు మార్చుకుంటూ కూర్చుంటారు, ఎవరూ ఏమీ నేర్చుకోరు. నిచ్చెన పనిచేసేది, టీచరు రోజూ ఒక్కో పిల్లనీ చూసి మెట్టు ఎక్కించినప్పుడే.

ఇసుక, పలక, పక్కవాడు

1984లో అమెరికాలో పుట్టిన కాస్ట్ సంస్థ 'యూనివర్సల్ డిజైన్ ఫర్ లెర్నింగ్' అన్న ఆలోచనకు రూపమిచ్చింది. దాని సారం ఇది: పాఠాన్ని సగటు పిల్లకి తయారుచేసి తర్వాత మిగతావారికి అతుకులు వేయకుండా, మొదటే పలు ద్వారాలతో కట్టాలి. విషయాన్ని చెప్పే తీరు, పిల్ల తనకు తెలిసింది చూపించే తీరు, ఆసక్తి నిలిపే తీరు - మూడింటిలోనూ ఒకటికి మించిన దారి ఉండాలి. దాన్ని పేద బడికి తెస్తే ఏమవుతుంది? మొదట్లో చెప్పుకున్న నాలుగు అక్షరాలనే తీసుకుందాం. 'ఙ, గ, ప, వ' నల్లబల్ల మీద రాస్తూ, పళ్ళెంలో పోసిన ఇసుక మీద వేలితో దిద్దించి, గట్టిగా పలికించి, తలుపులూ కిటికీలూ తెరుచుకునే కథగా చెబితే - చూపు ఆనని పిల్లకి వేలు సాయం, దిక్కు తెలియని పిల్లకి కథ సాయం, భాష రాని పిల్లకి గొంతు సాయం.

ఇక్కడ ఒక అపోహ వదిలించుకోవాలి. ఈ పిల్ల 'చూసి నేర్చుకునే రకం', ఆ పిల్లవాడు 'విని నేర్చుకునే రకం' అని ముద్రలు వేసి వేర్వేరుగా నేర్పే పద్ధతికి సాక్ష్యం లేదని 2008లో పాష్లర్ బృందం తమ సమీక్షలో తేల్చింది. పలు ద్వారాలు అందరికీ తెరిచి ఉంచాలి, ఏ పిల్లనీ ఒకే ద్వారానికి కట్టేయకూడదు.

మొహమాటపు పిల్లల కోసం పలకను మించిన పనిముట్టు లేదు. బర్మాలో అక్షరాల తొలి పుస్తకానికి 'తిన్‌బోన్‌జీ' అని పేరు, పెద్ద పలక అని అర్థం. టీచరు ప్రశ్న అడిగి చేతులెత్తమంటే ఎప్పుడూ ఆ ఐదుగురే ఎత్తుతారు. అదే అందరూ పలక మీద జవాబు రాసి, చప్పట్లు కొట్టగానే ఒకేసారి పైకెత్తాలంటే, ఒక్క చూపులో గది మొత్తం తెలిసిపోతుంది. ఎవరు తప్పు రాశారు, ఎవరు పక్కవాడి పలక చూసి రాశారు, ఎవరు అసలు పలకే ఎత్తలేదు - ఆ చివరి పిల్ల దగ్గరికి టీచరు వెంటనే నడిచి వెళ్ళవచ్చు. నోరు విప్పి 'నాకు రాదు' అనాల్సిన బాధ ఆ పిల్లకి తప్పుతుంది.

పక్కవాడి సాయం కూడా మన ఇంటి సొత్తే. 18వ శతాబ్దం చివర మద్రాసులో అనాథల బడి నడిపిన ఆండ్రూ బెల్, మన వీధి అరుగుల బడుల్లో పిల్లలు ఇసుకలో అక్షరాలు దిద్దుతూ ఒకరికొకరు నేర్పుకోవడం చూసి దాన్ని ఇంగ్లండ్‌కి తీసుకెళ్ళాడు. అక్కడ దాన్ని మద్రాసు పద్ధతి అన్నారు. జతలు మార్చి మార్చి కూర్చోబెట్టి, ఎప్పుడూ ఒకరే నేర్పేవారు కాకుండా చూస్తే నేర్పే పిల్లకీ నేర్చుకునే పిల్లకీ మేలే. లెక్కల్లో వెనకున్న పిల్లవాడు బొమ్మ గీయడంలో గురువు కావచ్చు.

ముద్ర ఎవరికి, సాయం ఎవరికి?

డిస్లెక్సియా, ఏడీహెచ్‌డీ, ఆటిజం వంటి పేర్లు తెలియడం ఎంతో మేలు చేసింది. 'మొద్దు', 'మొండి' అనిపించుకున్న పిల్లలకు ఆ పేర్లు ఊపిరి పోశాయి. అదే పేరు కొన్నిచోట్ల పిల్లని పక్కన పెట్టేందుకు సాకుగా మారింది. 1978లో బ్రిటన్‌లో ప్రత్యేక విద్య మీద ప్రసిద్ధ నివేదిక రాసిన మేరీ వార్నాక్, 2005లో తన దారినే తిరిగి ప్రశ్నించుకున్నారు. అందరినీ ఒకే గదిలో కూర్చోబెట్టడమే సహిత విద్య అనుకుంటే, కొందరు పిల్లలు ఆ గదిలోనే ఒంటరివాళ్ళవుతారని ఆవిడ బాధ. ఆ మాటలో నిజముంది. సంజ్ఞాభాష వచ్చిన మనిషి ఒక్కరూ లేని గదిలో బధిర బాలిక కూర్చుంటే దాన్ని సహిత విద్య అనలేం. మేరీ చాప్‌మన్ బడి లాంటి చోట్ల పోగుపడిన అనుభవం మామూలు బడి టీచర్లకు అందాలి, ఆ బడులను మూసేయడం పరిష్కారం కాదు.

మన రెండు రాష్ట్రాల్లో మండలాల స్థాయిలో భవిత కేంద్రాలు, సహిత విద్య టీచర్లు ఈ వంతెన పనికే ఉన్నారు. సికింద్రాబాద్ మనోవికాస్‌నగర్‌లో 1984లో ఏర్పడిన జాతీయ సంస్థ, నేటి నీపిడ్, మేధో వైకల్యం ఉన్నవారి కోసం దశాబ్దాలుగా టీచర్లను తయారుచేస్తోంది. 2022లో వచ్చిన ప్రశస్త్ యాప్ మామూలు టీచరు కూడా పిల్లల ఇబ్బందులను తొలిదశలో గుర్తించే ప్రశ్నల పట్టిక ఇచ్చింది. ప్రత్యేక అవసరాలున్న పిల్లలు ప్రాథమిక దశలో పది మందికి ఒకరు, పై తరగతుల్లో పదిహేను మందికి ఒకరు చొప్పున ప్రత్యేక టీచరు ఉండాలని 2021లో సుప్రీంకోర్టు రజనీష్ కుమార్ పాండే కేసులో చెప్పింది. ఈ అంకె అమలైతే మన బడుల ముఖం మారుతుంది.

పిల్లకి పేరు పెట్టే పనిని డాక్టరుకీ నిపుణులకీ వదిలేయాలి. టీచరు పని గమనించడం, రాయడం, పాఠాన్ని మార్చి చూడటం, చూపు, వినికిడి పరీక్షలు చేయించడం, ఇంటివాళ్ళతో మర్యాదగా మాట్లాడటం. నిపుణుడు వచ్చేదాకా పిల్ల ఆగక్కర్లేదు. పైన చెప్పినవన్నీ రోగ నిర్ధారణ లేకుండానే రేపు ఉదయం మొదలుపెట్టదగ్గవి.

చివరికి తేలేది

ఇంత చరిత్రనీ ఇన్ని ప్రయోగాలనీ పక్కపక్కన పెడితే నాకు తేలేది ఇది. డబ్బున్న దేశాల్లో పుట్టిన పద్ధతుల్లోనూ మన పల్లెల్లో పుట్టిన పద్ధతుల్లోనూ పనిచేసినవి కొన్నే, అవీ సాదావే. పిల్ల ఏ మెట్టు మీద ఉందో తెలుసుకుని అక్కడి నుంచి నేర్పడం. కొద్ది నియమాలు పెట్టి, చూసి మెచ్చుకోవడం. అల్లరికి ముందూ వెనకా ఏం జరిగిందో రాసిపెట్టడం. ఒకే పాఠానికి పలు ద్వారాలు తెరవడం. పిల్లలను పిల్లలకు తోడు చేయడం. పనిచేయనివీ తేలిపోయాయి: కొట్టడం, అవమానించడం, గది బయట నిలబెట్టడం, ముద్ర వేసి వదిలేయడం.

ఇవన్నీ టీచరు ఒక్కరి భుజాల మీద మోపి చేతులు దులుపుకుంటే అన్యాయం. నోటుపుస్తకం రాయడానికి సమయం కావాలి. జట్లుగా కూర్చోబెట్టడానికి ఇంకో పెద్ద మనిషి గదిలో ఉండాలి. కార్డులు తయారుచేయడానికి వారానికో పూట సెలవు కావాలి. తర్ఫీదు ఉపన్యాసంగా ఉంటే చాలదు, గదిలోకి వచ్చి పక్కన నిలబడి చూపించే తోడుగా ఉండాలి. యాంగోన్‌లోనైనా, విజయనగరంలోనైనా ప్రభుత్వాలను మనం గట్టిగా అడగాల్సింది ఈ నాలుగు. బడి బయట మనం చేయగలిగినదీ ఉంది. యాంగోన్‌లో గుడి ఆవరణలోనో చర్చి ఆవరణలోనో సెలవు రోజున తెలుగు చెప్పే పెద్దలు ఆ పిల్లల అమ్మ భాషని బతికిస్తూ, వాళ్ళ తడబాటు బుద్ధి తక్కువ వల్ల వచ్చింది కాదని అక్కడి టీచరుకి చెప్పగల సాక్షులు కూడా అవుతారు.

టీచర్లకు నా విన్నపం ఒక్కటే. రేపు తరగతిలో ఒక ప్రశ్న అడిగి, జవాబు పలక మీద రాసి ఎత్తమనండి. ఎత్తిన పలకల్లో తప్పొప్పులు తర్వాత చూద్దురుగాని. ముందు పలక ఎత్తని పిల్ల పక్కన కూర్చోండి.